స్టే వచ్చింది, కాగితం రాలేదు

ఏమండీ,

ఎలా ఉన్నారని అడగలేను. మీరు పోయి ఎనిమిది నెలలైంది. ఇక్కడి సంగతులు మీకు కాక ఇంకెవరికి చెప్పుకోను?

అమీర్‌పేటలో మన కంప్యూటర్ ఇన్‌స్టిట్యూట్ నడుస్తోంది. సాఫ్ట్‌వేర్ ఉద్యోగాల ఊపు తగ్గలేదు, మధురానగర్ హాస్టళ్ల నుంచి పిల్లలు వస్తూనే ఉన్నారు. మీ జావా క్లాసు ఇప్పుడు మన అమ్మాయి స్వాతి చెబుతోంది.

ఇన్‌స్టిట్యూట్ మీద వేసిన ఆ పన్ను గొడవ మాత్రం మీతో పోలేదండీ. అప్పీలులో మీ స్థానంలో నా పేరు చేర్చారు. "అప్పీలు వేశాం కదా, అది తేలేదాకా మన జోలికి ఎవరూ రారు" అనేవారు మీరు. వచ్చారు. విచారణ మొదలవకముందే బ్యాంకు ఖాతా ఆపేశారు. కట్టకపోతే కంప్యూటర్లు జప్తు చేస్తామని తలుపుకి నోటీసు అంటించారు.

అప్పీలు వేసినంత మాత్రాన వసూలు ఆగదట. దానికి విడిగా స్టే తెచ్చుకోవాలట. పంజాగుట్ట లాయరు గారు చెప్పారు. మీకు నిజంగా తెలియదా... నా భయం పోగొట్టడానికి అలా అన్నారా?

హైకోర్టుకి వెళ్లాం. మన కేసు పిలిచేసరికి మధ్యాహ్నం దాటింది. ఇంగ్లీషులో నాలుగు మాటలు, అంతే. గవర్నమెంటు లాయరు ఫైలు మూసి నవ్వాడు. మన పని అయిపోయిందనుకున్నాను. బయటికొచ్చాక మన లాయరు గారు, "స్టే ఇచ్చారమ్మా. అప్పీలు తేలేదాకా వసూలు చేయకూడదు" అన్నారు.

కానీ ఆర్డరు కాగితం చేతికి రావాలిగా... మర్నాడు పొద్దున్నే కంప్యూటర్లు తీసుకెళ్లడానికి లారీ వచ్చింది. పైన క్లాసు జరుగుతోంది. నేను వెళ్లి అడ్డంగా నిలబడ్డాను. స్టే వచ్చిందని చెప్పినా చూపించడానికి కాగితం లేదు. లాయరు గారికి ఫోన్ కలిపి, లారీతో వచ్చిన పన్ను ఆఫీసరు చేతిలో పెట్టాను.

ఆయన చాలాసేపు విన్నాడు. "జర కూసోమ్మా, గట్ల వణుకుతున్నవేంది? కోర్టు ఆపమన్నంక మేమెందుకు ముట్టుకుంటం? కాయితం రాంగనే తెచ్చి చూపియ్యి" అన్నాడు. లారీ వెనక్కి తిప్పారు.

పైకి వెళ్తే స్వాతి బోర్డు మీద రాస్తూనే ఉంది. కిటికీలోంచి లారీని చూసిందట. పిల్లలు బెదిరి లేచిపోతారని పాఠం ఆపలేదట. అందరూ వెళ్లాక నా ఒళ్లో తలపెట్టుకుని ఏడ్చింది. ఇన్నాళ్లూ ధైర్యంగా ఉందనుకున్నానండీ అది... అదీ నన్ను చూసి అలాగే అనుకుందట.

తర్వాత కాగితం వచ్చింది. పన్ను ఆఫీసులోనూ బ్యాంకులోనూ ఇచ్చాను, ఖాతా వదిలారు. ఇది గెలుపు కాదని నాకు తెలుసు. అప్పీలు ఓడిపోతే? ఇప్పటికీ ఎవరి బూట్ల చప్పుడు వినబడినా కింద లారీ ఉందేమోనని కిటికీలోంచి చూస్తాను...

సోమవారం కొత్త బ్యాచ్ మొదలు. భయపడుతూనే తలుపులు తీస్తాం. తీస్తాం మాత్రం.

మీ
లక్ష్మి