ముందు చూసినవాళ్లు ఓడినట్టు

మార్చి 3, సాయంత్రం

నేరం రుజువైందని ఇవాళ చెప్పేశాను. హత్య కాదు. చంపాలన్న ఉద్దేశం లేకుండా ప్రాణం తీసిన నేరం.

హత్యకైతే చట్టమే సగం పని చేసి పెడుతుంది. దీనికి మాత్రం పదేళ్ల లోపు ఎంతైనా వేసుకోమంది. ఒక్క రోజు వేసినా తప్పు లేదు, పదేళ్లు వేసినా తప్పు లేదు. భారమంతా నా నెత్తిన పెట్టి చేతులు దులుపుకుంది. ఈ కుర్చీలోకి వచ్చాక ఇలాంటి కేసు నాకిదే మొదటిది.

ముద్దాయి పెయింటర్. గోడలకు రంగులు వేస్తాడు. పోయినవాడూ పెయింటరే, ఇతని అక్క మొగుడు. ఇద్దరూ ఒకే స్కూటర్ మీద పనికి వెళ్లేవాళ్లు. కొత్తగా కట్టిన ఇంట్లో పని. మావాడికి రంగులు తెలియవండీ, ఎరుపేదో ఆకుపచ్చేదో వాడికి ఒకటే అని బావ ఇంటి ఓనర్‌తో వేళాకోళమాడాడు. ఆ ఓనర్ దాన్ని నిజమనుకుని, అయితే ముందు గోడ ఇతన్ని ముట్టుకోనివ్వద్దన్నాడు. ఓనర్ వెళ్లిపోయాక బావమరిదికి ఒళ్లు మండిపోయింది. రెండు చేతులతో గుండెల మీద తోశాడు. బావ వెల్లకిలా పడ్డాడు. మెట్టు అంచు తల వెనక తగిలింది.

ఒక్క తోపు. శిక్ష మీద వాదనలు పదో తారీఖున.

మార్చి 4

తోపు ఒక్కటే అయితే రెండేళ్లో మూడేళ్లో వేసి ఊరుకునేదాన్ని. ఆ వీడియో ఊరుకోనివ్వడం లేదు.

ఎదురింటి కెమెరాలో అంతా పడింది. శబ్దం లేదు. బావ పడ్డాడు, కదల్లేదు. ఇతను మొహం తిప్పేసుకుని, రోలర్ రంగులో ముంచి, గోడ పని మొదలుపెట్టాడు. మనిషి మెట్ల దగ్గర పడి ఉన్నాడు, ఇతను గోడకు రంగేస్తున్నాడు. ఒక్కసారైనా అటు చూడలేదు. మధ్యలో గోడతో ఏదో అన్నాడు. నవ్వాడు. కాసేపటికి బయటికెళ్లి రెండు కప్పుల టీ తెచ్చాడు. మొహం పక్కకు పెట్టుకునే ఒక కప్పు బావ తల దగ్గర పెట్టాడు. రెండోది తాను తాగాడు. మళ్లీ గోడ. దాదాపు గంట అలాగే గడిచింది. చివర్లో ఏమనుకున్నాడో ఏమో, వంగి కుదిపి, అరుస్తూ రోడ్డు మీదికి పరిగెత్తాడు.

బావ మర్నాడు ఆసుపత్రిలో పోయాడు. కాస్త ముందుగా తెచ్చి ఉంటే బతికే అవకాశం ఉండేదని డాక్టర్ సాక్ష్యం చెప్పాడు.

చావుబతుకుల్లో ఉన్నవాడి పక్కన టీ పెట్టి నవ్విన మనిషి, అన్నాడు ప్రాసిక్యూటర్. ఆ మాట నా చెవిలో దూరి కూర్చుంది. కూర తరుగుతుంటే కూడా అదే వినబడుతోంది.

మార్చి 5

నాకు పని నేర్పిన పెద్దాయన ఒకరున్నారు, ఎప్పుడో రిటైరయ్యారు. శిక్ష వేయడానికి ఆయనది ఒక పద్ధతి. ముందు మధ్యలో నిలబడు అనేవారు. నేరం బరువు పెంచేవి కనబడితే పైకి ఎక్కు, తగ్గించేవి కనబడితే కిందికి దిగు. ఎక్కడ ఆగావో ఆ అంకె అప్పుడే ఫైల్లో రాయకు, ఎవరికీ చెప్పకు. రెండు రోజులు దానితో కాపురం చెయ్యి. మూడో పొద్దున కూడా అదే అంకె నీ మొహం చూడగలిగితే తీర్పు రాసుకో.

ఇవాళ ఐదు దగ్గర నిలబడ్డాను. ముందు నేరాలేమీ లేవు, ఆయుధం లేదు, అప్పటికప్పుడు వచ్చిన కోపం. దిగాను. గంటసేపు వదిలేయడం, ఆ నవ్వు, ఆ టీ. ఎక్కాను. ఎక్కుతూనే ఉన్నాను.

మార్చి 6

ఏడు.

మార్చి 8, పొద్దున

మా ఆయనకు నడుం నొప్పి. రోజూ హాల్లో చాప వేసుకుని వెల్లకిలా పడుకుంటారు, అదొక ఎక్సర్‌సైజట. ఇవాళ గది తలుపు తీసేసరికి ఆయన పాదాలు కనబడ్డాయి. గావుకేక పెట్టాను. ఆయన అదిరిపడి లేవబోతే ఉన్న నడుం కాస్తా పట్టేసింది. బతికే ఉన్నానే, నీ తీర్పు వాయిదా వేసుకో అన్నారు. నవ్వు రాలేదు. ఇలాంటి జోకులకు మామూలుగా నేనే ముందు నవ్వుతాను.

నా కళ్లలో ఆ వీడియో సరిగ్గా అక్కడినుంచే మొదలవుతుంది. పాదాల నుంచి.

మార్చి 10, సాయంత్రం

ఇప్పుడే కోర్టు నుంచి వచ్చాను. కాళ్లయినా కడుక్కోకుండా రాసేస్తున్నాను.

శిక్ష వేసే ముందు పోయినవాడి ఇంటివాళ్లను ఒక మాట అడుగుతాం. పోయినవాడి భార్య, ముద్దాయి అక్క, ఒకటే మనిషి. కోర్టు హాల్లో అటువైపు బెంచీ ప్రాసిక్యూషన్ వాళ్లది, ఇటువైపుది ముద్దాయి తరఫు వాళ్లది. ఆమె రెంటికీ మధ్య దారిలో నిలబడిపోయింది. బెంచి క్లర్కు కూర్చోమంటే ఎటమ్మా అని నన్నే అడిగింది. నేరుగా సాక్షి బోనులోకి రమ్మన్నాను.

ఏం కోరుకుంటున్నావని అడిగాను. ఎక్కువేస్తే తమ్ముడు పోతాడు, తక్కువేస్తే మా ఆయన ఇంకోసారి పోతాడు, నాకు కోరుకోవడానికి ఏముందమ్మా అంది. ఏడవలేదు. కొంగు మాత్రం వేళ్లకు చుడుతూ విప్పుతూ ఉంది.

అంతటితో దిగిపోయేదే. ఆ టీ గురించి నీకేమైనా తెలుసా అని అడిగాను. ప్రాసిక్యూటర్ అడగాల్సింది, డిఫెన్స్ లాయర్ అడగాల్సింది. విచారణ మొత్తంలో ఎవరూ ఆమెను అది అడగలేదు. నేనూ అడగలేదు. ముద్దాయి బోనులోంచి తమ్ముడు, చెప్పొద్దే అక్కా అన్నాడు. ఇన్ని నెలల్లో అతను తనంతట తాను నోరు విప్పడం అదే మొదలు.

ఆమె చెప్పింది. వాళ్లాయనకు చచ్చిపోయినట్టు నటించే పిచ్చి ఉండేదట. పెళ్లయిన కొత్తలో వంటింట్లో దబ్బున పడిపోతే ఈమె చుట్టుపక్కల వాళ్లందరినీ పిలిచిందట, తీరా అందరూ వచ్చాక ఒక కన్ను తెరిచాడట. అప్పటినుంచి ఇంట్లో అదొక ఆట. పిల్లలు పుట్టాక మరీ ముదిరింది. ఆయన పడగానే ఎవరూ అటు చూడకూడదు. ఎవరి పని వాళ్లు చేసుకోవాలి. ముందు చూసినవాళ్లు ఓడినట్టు, ముందు లేస్తే ఆయన ఓడినట్టు. ఓడినవాళ్లను వారమంతా ఏడిపిస్తారు. తమ్ముడే ఎప్పుడూ ఓడేవాడు, మెత్తటివాడు, భయపడి చూసేసేవాడు అంది. బావను లేపాలంటే ఒకటే మందు, టీ. ఎంతసేపైనా బిగబట్టుకుని పడుకుంటాడు కానీ టీ వాసన వస్తే మనిషి ఆగలేడు. చల్లారకముందే లేస్తాడు. ఆయన టీ చల్లారిపోవడం నా కాపురంలో చూడలేదమ్మా అంది.

పెన్ను మూత పెట్టేశాను.

ముందే ఎందుకు చెప్పలేదని కసిరాను. కోపం ఎవరి మీదో నాకే తెలియదు. లాయర్‌కి చెప్పామంది. డిఫెన్స్ లాయర్ లేచి, చెప్పిన మాట నిజమే మేడమ్, మనిషి ప్రాణం పోయిన కేసులో ఆట అంటే కోర్టు నవ్వుతుందనుకున్నాను, అందుకే కాలు జారి పడ్డాడని వాదించాను అన్నాడు. ఆ జారుడు వాదన వీడియో ముందు ఎలా తేలిపోయిందో అందరం చూశాం. తెలివి ఎక్కువైతే వచ్చే తిప్పలు ఇవే.

ప్రాసిక్యూటర్ ఊరుకుంటాడా. నేరం రుజువయ్యాక ఎవరైనా ఎన్ని కథలైనా అల్లుతారు, తమ్ముడి కోసం అక్క అల్లదా అన్నాడు. ఆయన అన్నదాంట్లో తప్పేం లేదు.

అప్పుడు ఆమె ఇంకొకటి చెప్పింది. ఆసుపత్రి నుంచి శవాన్ని ఇంటికి తీసుకొచ్చాక చిన్నపిల్ల తండ్రిని చూడనంటే చూడనందట. గోడ వైపు తిరిగి బొమ్మకు జడ వేసుకుంటూ కూర్చుందట. ఎంతమంది లాగినా రాలేదు. చూస్తే నాన్న గెలుస్తాడు అందట.

కోర్టు వాయిదా వేసి లోపలికి వచ్చేశాను. వాష్‌బేసిన్ కుళాయి విప్పి ఏడ్చాను. జడ్జి ఏడిస్తే వినబడకూడదు కదా.

మార్చి 11, లంచ్ టైమ్

క్యారియర్ విప్పలేదు. వీడియో మళ్లీ పెట్టుకున్నాను.

ఇన్నాళ్లూ పడినవాణ్ణే చూశాను. ఇవాళ తోసినవాణ్ణి చూశాను. రంగేస్తున్నాడన్న మాటే గానీ గోడ మీద ఒకేచోట వేస్తున్నాడు. వేసిందే వేస్తున్నాడు. చెవి వెనక్కి పెట్టుకుని ఉన్నాడు. టీ పెట్టాక పళ్లు బిగించి నవ్వు ఆపుకుంటున్నాడు. గెలవబోతున్నవాడి నవ్వు అది. ఈసారి చూడలేదు, ఈసారి తాను ఓడడు. తోసిన కోపం కూడా అందులోనే కరిగిపోతోంది. బావ లేస్తే ఇద్దరూ కలిసి నవ్వుకునేవాళ్లు.

ఖాళీ కప్పులు తీద్దామని వచ్చాడు. చేత్తో తడిమి బావ కప్పు తీశాడు. అది నిండుగా ఉంది. చేతిమీద ఒలికింది. అప్పుడు చూశాడు.

ఏమనుకున్నాడో ఏమో అని నేను రాసుకున్నది అదే చోట.

మార్చి 12

నమ్మొచ్చా? అక్క మాట ఒక్కటే అయితే నమ్మేదాన్ని కాదు. ఆ కప్పు అబద్ధం చెప్పదు. ఆ వేళ దాన్ని ఎత్తి చూసేదాకా అతనికి తెలియదు. తెలియనిదాన్ని కర్కశత్వం అని బరువు పెంచడానికి నాకు హక్కు లేదు. ఏడు మీద నుంచి దిగాను. దిగుతూ మధ్యలో ఆగాను, ఎందుకంటే పోయినవాడు మాత్రం ఆ గంటా నిజంగానే అక్కడ పడి ఉన్నాడు. ఎవరి ఆటైతేనేం. వినబడుతూ ఉండి ఉంటుందా? రోలర్ చప్పుడు, టీ కప్పు పెట్టిన చప్పుడు. లేవాలని చూసి ఉంటాడా?

సాయంత్రం ఇంటికొచ్చి, బ్యాగు పెట్టి, కాళ్లు కడుక్కుని, మొక్కలకు నీళ్లు పోసి, పేపరు పట్టుకుని కూర్చున్నాక తెలిసింది. హాల్లో చాప మీద ఆయన పడుకుని ఉన్నారు. వెళ్తూ ఒకసారి, వస్తూ ఒకసారి దాటుకునే వెళ్లాను. మొహం చూడలేదు. రోజూ ఉండేదే కదా.

పక్కన కూర్చుని ఛాతీ మీద చెయ్యి వేశాను. ఏమిటీ ప్రేమ అన్నారు కళ్లు మూసుకునే.

మార్చి 14, సాయంత్రం

నాలుగేళ్లు. ఇవాళ చదివాను.

అక్క మధ్య దారిలోనే నిలబడింది. ఎక్కువో తక్కువో ఆమె మొహంలో కనబడలేదు. ఆ మొహం కోసమే రెండు రోజులు బెంగపడ్డాను. తల ఊపింది, అంతే. ప్రాసిక్యూటర్ పెదవి విరిచాడు.

పోలీసు చెయ్యి పట్టుకుంటుంటే ముద్దాయి, ఒక్క మాటమ్మా అన్నాడు. ఈ నాలుగూ తోసినందుకా, చూడనందుకా అని అడిగాడు. తోసినందుకే అన్నాను. చూడకపోవడాన్ని నేరం బరువు పెంచేదిగా తీసుకోలేదనీ, ఆ సంగతి తీర్పులో స్పష్టంగా రాశాననీ చెప్పాను. ఏదో మేలు చేసినదాన్లా చెప్పాను, తలుచుకుంటే సిగ్గేస్తోంది.

అతను నా వైపే తిరిగి నిలబడ్డాడు. మరి దానికి ఎవరు వేస్తారమ్మా అన్నాడు.

స్టెనో చేతులు ఆగిపోయాయి. ఇది కూడా రికార్డులో పెట్టాలా అన్నట్టు నా వైపు చూసింది. తర్వాతి కేసు పిలవమన్నాను.

మార్చి 15

పెద్దాయనకు ఫోన్ చేసి, తీర్పు తర్వాత అంకెతో ఎన్నాళ్లు కాపురం చేయాలని అడిగాను. ఆయన, భోంచేశావా అన్నారు.

మే 14

అప్పీలు గడువు నిన్నటితో అయిపోయింది. డిఫెన్స్ లాయర్ కారిడార్‌లో కనబడ్డాడు. ఎన్నిసార్లు జైలుకి వెళ్లినా అతను సంతకం పెట్టలేదట. పైకోర్టులో తగ్గొచ్చు, త్వరగా బయటికి రావచ్చు, అక్క పిల్లలు ఎదురుచూస్తున్నారు అని ఎంత నచ్చజెప్పినా గోడ వైపే తిరిగి కూర్చున్నాడట.

ముందు బావ లేవాలి, అన్నాడట.