ఎనభై నాలుగో పేజీలో కిటికీ

అక్కా, నేను బాగానే ఉన్నాను. కంగారల్లా ఈ కార్డు అందగానే నువ్వు చెయ్యాల్సిన పని గురించే.

యూరప్ ఆధునిక చిత్రకారుల మీద, బొమ్మల సేకరణల మీద చదవదగ్గ పుస్తకాల జాబితా రాసి మా లైబ్రరీ బోర్డుకి అంటించాను. మొదటి పుస్తకం పక్కన "ఎనభై నాలుగో పేజీలో నీలం కిటికీ బొమ్మ తప్పక చూడండి" అని గొప్పగా రాశాను కూడా. ఇవాళ డ్రాయింగు మాస్టారొకాయన ఆ పేజీ తీసి, "ఏదమ్మా కిటికీ? జిగురు మరకే ఉంది!" అన్నారు. నా పై ప్రాణాలు పైనే పోయాయి. "ఊడితే అతికించడానికి తీశామండీ" అని నోటికొచ్చిన అబద్ధం ఆడేశాను. పదిరోజుల్లో మళ్లీ వస్తారట.

కాలు విరిగి మంచం మీదున్న నీ కూతురికి చూపిద్దామని ఆ పుస్తకం మీ ఇంటికి మోసుకొచ్చింది నేనే కదా. దిండు కింద, దుప్పటి మడతల్లో వెతుకు. పిల్లని కసురుకోకు. బావకి దగ్గు తగ్గిందా? నా గొడుగు అక్కడే మర్చిపోయానా? బొమ్మ దొరికితే మడవకుండా రెండు అట్టల మధ్య పెట్టి పంపు.

ఒకవేళ తన మంచం ఎదురుగా గోడకి అంటించుకుని ఉంటే మాత్రం పీకకు. ఆ గదికి కిటికీ లేదని ఎన్నిసార్లు గొణిగిందో! మాస్టారి చివాట్లు నేను తింటాను. కట్టు విప్పేదాకా పిల్లకి ఆ కిటికీ ఉండనీ.

బావకి నమస్కారాలతో,
నీ చెల్లి