ఎంగిలి బిళ్ల

రాగసుధక్కా,

కుక్కబిళ్లలెలా చెయ్యాలని అడిగావు. రాగిపిండిలో ఉడికించిన చిలగడదుంప కలిపి, ఉప్పు వెయ్యకుండా బిళ్లలు ఒత్తి, పెనం మీద సన్నసెగన గట్టిగా కాల్చు. అంతే.

నేనిక చెయ్యను. మా రేపల్లె మిల్లు గేటు దగ్గర వీధికుక్కలకి రోజూ పెట్టేవాణ్ణి. ఓనరు "ఏంటబ్బాయ్, నాకూ నాలుగివ్వు, నేనూ పెడతా" అంటే మురిసిపోయి ఇచ్చాను. ఎలకల మందు పూసి పెట్టాడు వెధవ. నా చేతివాసన నమ్మి తిన్నాయి. గేటు దగ్గరే చచ్చాయి.

నల్లది ఒక్కటే మిగిలింది. దానికోసం మళ్లీ చేశాను. లోకమంతా కుక్కకి ఎంగిలి పారేస్తుంది. నేను మాత్రం నమ్మకం కోసం ఎంగిలి చేశాను. దాని ముందే సగం కొరికి తిని, మిగతాది పెట్టాను. వాసన చూసింది, నా ముఖం చూసింది, వెనక్కి వెనక్కి నడిచి వెళ్లిపోయింది.

నీ కుక్కకి నీ చేత్తోనే పెట్టు. ఎవరడిగినా ఒక్క బిళ్ల ఇవ్వకు.

నీ తమ్ముడు