మూడు గంటల పన్నెండో నిమిషం

పెబ్బేరుల ఉన్న బక్కయ్య మామకు, శ్రవణ్ దండాలు.

మన ఊరి పశువుల దవాఖాన కట్టి రెండేండ్లయింది, తాళం తియ్యలే. తియ్యనిది ఎమ్మెల్యే గోవిందు. పోయిన వానకాలం అమ్మ బర్రె సూది లేక సచ్చింది. గసొంటి మనిషిని వనపర్తిల ఆఫియా అనే ఆమె పాడ్‌కాస్ట్‌కు పిలిచి మూడున్నర గంటలు ముచ్చట పెట్టింది! నలభై సెకండ్ల ముక్క నా ఫోన్‌కు వచ్చింది. "పశువులకు దవాఖాన ఎందుకు?" అని నవ్వుతుండు. నువ్వేమో సంతల నలుగురిని కూసోబెట్టి ఆయన మాటలు వినిపిస్తున్నవట. ఎడ్ల బేరం చేసి బతికేటోనివి, నీకు సిగ్గనిపిస్తలేదా?

ప్రజల పక్షాన,
శ్రవణ్

తా.క.: శనివారం పొద్దున పది గంటలకు ఆయన ఇల్లు ముట్టడిస్తున్నం. "క్షమాపణ చెప్పు, తాళం తియ్యి" అని ఐదు వందల కరపత్రాలు కొట్టించిన. కాయిదం వెనక దిక్కు ఖాళీగనే ఉంది. కోపం ఒక్క దిక్కుకే సరిపోయింది.

*

చిరంజీవి అల్లునికి మామ దీవెనలు.

ఫోన్ చేస్తే నా మాట సగంల ఉండంగనే పెట్టేసినవ్. అందుకే ఉత్తరం రాసి మాసయ్య ఆటోల పంపుతున్న. దీన్ని కట్ చెయ్యలేవు.

ముప్పై ఏండ్ల సంది ఎడ్లను చూస్తున్న. అమ్మేటోడు కొమ్ములకు రంగేసి, ఒంటికి నూనె రాసి నిలబెడ్తడు. నేను ఏమనను, పక్కన కూసుంట. గంట పోతే ఎద్దు నిలబడుడు మర్చిపోతది. కాలు సదురుకుంటది, పండుకుంటది, నెమరేస్తది. గప్పుడు తెలుస్తది దాని గుణం.

గోవిందన్న మొదటి గంటంతా రంగేసిన కొమ్ములే. రెండో గంటల చాయ్ తాగి చెప్పులిడిసిండు. ఆఫియా బిడ్డ ఒక్క మాట అడిగి ఊకుంటది. ఆయన చెప్పుడు ఐపోయినంక గూడ ఊకుంటది. గా ఊకున్న కాడనే ఆయన అసలు మాట చెప్తడు. అల్లుడా, నా ఒళ్ళు జల్లుమన్నది! సంతకు ఎన్నడు రాని పిల్లకు గీ పని ఎవరు నేర్పిండ్రు?

నీ మామ,
బక్కయ్య

తా.క.: స్పీడు పెంచి వినకు. ఎద్దును నిమ్మళంగ నడిపిస్తెనే దాని కుంటు కండ్లవడ్తది.

*

మామకు,

నువ్వు ఆయన పార్టీల కలిసినవని నాకు అర్థమైంది. నీ పేరు గూడ కరపత్రంల ఎక్కిస్తనని అమ్మతోని అన్న. అమ్మ చీపురు తీసింది. అందుకే ముందుగల రుజువులు కావాలని వినుడు మొదలుపెట్టిన, ఆయన అబద్ధాలు రాసుకునేటందుకు నోటుబుక్కు పట్టుకొని.

మొదటి గంటల పదకొండు దొరికినయి. రెండో గంటల రెండే. ఆ తర్వాత పెన్ను నడవలే. చిన్నప్పుడు బడిల గోవిందుతోని గోడకుర్చీ వేయించిన సారు, ఓట్లడగబోతే లేచి నిలబడి ఆయనకే నమస్తే పెట్టిండట. గా సంగతి చెప్పుకుంట గోవిందు మాట ఆపేసిండు. ఆఫియా ఏమనలే. ఫ్యాను చప్పుడొక్కటే వినవడ్డది. మామా, నేను ఎన్ని కరపత్రాలు చదివిన! శత్రువు గిట్ల మెల్లమెల్లగ మనిషైతడని ఒక్కదాంట్ల గూడ రాసిలేదు.

అయినా ముట్టడి ఆగదు. దవాఖాన మాట ఇంకా రాలే. రెండు గంటల యాభై నిమిషాల కాడ ఫోన్ సచ్చింది, ఊర్ల కరెంటు లేదు.

ఇంకా కోపంతోనే,
శ్రవణ్

తా.క.: కొత్త బర్రెకు నెలలు నిండినయి, అమ్మ పరేషాన్ల ఉంది. అబద్ధాలు పదమూడు కాదు, పన్నెండు. ఒకటి నేనే తొందరపడి రాసిన.

*

అల్లునికి,

కరెంటు ఎప్పుడొస్తదో ఏమో, నేనే చెప్త. నేను సుత ఆఖరి దాక మొన్ననే విన్న. సంతల అందరు రెండో గంటకే లేచిపోయిండ్రు, ఎడ్లు దప్ప.

మూడు గంటల పన్నెండో నిమిషంల ఆయన తన పాత నవ్వు నవ్వి చూపించి అన్నది ఇది: "'పశువులకు దవాఖాన ఎందుకు?' అని నవ్వినోణ్ణి నేను. కట్టినంక గూడ మంత్రి వచ్చి రిబ్బన్ కత్తిరిస్తడని తాళమేసి ఉంచిన. ఒకామె బర్రె సచ్చిపోతే నా ఇంటి ముందట వచ్చి నిలబడ్డది. తిట్టలే, ఏడ్వలే. చూసి పోయింది. తప్పు నాది. ఇక్కడి దాక ఎవరన్న వింటే వచ్చి తాళంచెవి అడుగుండ్రి."

నీ నలభై సెకండ్లను "ఎందుకు" కాడ కోసిండ్రు.

నిన్న గోవిందన్న ఇంటికి పోయిన. పాడ్‌కాస్ట్ వచ్చి మూడు నెలలు, అడగవోయిన మొదటోణ్ణి నేనే! తాళంచెవి జేబుల్నే ఉంది, అరిగి మెరుస్తుంది. "మరి నువ్వే తియ్యకపోతివి?" అన్న. "ఎవరన్న అడుగుతరేమో అని చూసిన" అన్నడు. గా కుంటు ఇంకా జర ఉంది. ఆయన ఊకున్నడు, నేనూ ఊకున్న. తాళంచెవి నా చేతుల పెట్టి "శనివారం తియ్యుండ్రి, నేను గూడ వస్త" అన్నడు.

తాళంచెవి ఈ కవర్లనే ఉంది. మన ఊరి దవాఖాన పోస్టుల ఉన్న పశువుల డాక్టరమ్మ సుహాసిని ఇన్నొద్దులు పక్కూర్ల కూసుంటుంది, శనివారం పొద్దుగాల్ల వస్తనన్నది.

నీ మామ,
బక్కయ్య

తా.క.: ఆయన ఇంటి ముందట నిలబడ్డది ఎవరో మా పెంటక్కను, అదే మీ అమ్మను అడుగు.

*

మామకు,

అడిగిన. అమ్మ కుడితి కలుపుడు ఆపి, "ఏమనాలెరా? నోరు పెగల్లే" అన్నది. అంతే. మామా, నా ఐదు వందల కాయిదాలు చెయ్యని పని మా అమ్మ ఊకుండి చేసింది!

నీ అల్లుడు,
శ్రవణ్

తా.క.: కరపత్రం వెనక దిక్కు గిట్ల కొట్టించి పంచుతున్న:

"నలభై సెకండ్లు విని ఊరిని లేపినోడు శ్రవణ్. తప్పు వానిదే. శనివారం ముట్టడి లేదు. అదే పది గంటలకు అందరు పశువుల దవాఖాన ముందటికి రండ్రి. తాళం పెంటమ్మ తీస్తది. మొదట లోపలికి పోయేది ఆమె బర్రె. ఎమ్మెల్యే ఎనుక నిలబడ్తడు. పెంటమ్మ ఏం మాట్లాడకున్నా సరే, సగంల లేచిపోవద్దు."