చీపురుపుల్లతోని లేచిన డబ్బా

శుక్రవారం, కోస్గి

మా ఇంటామె సుజాతను ఎంత మెచ్చుకున్నా తక్కువే. అటక మీద పడున్న, టీవీకి తగిలించే అగ్గువ డబ్బాను ఇయ్యాల ఆటల మిషన్ చేసింది. పాత వీడియో గేములన్ని మెమరీ కార్డుల ఎక్కించి పెడితే ముందుగాల టీవీల ఏం రాలే. "గిది కాదు తియ్యి" అన్న నేను. ఆమె ఇననే లేదు. డబ్బా ఎన్క బొక్కల చీపురుపుల్ల పెట్టి, లోపలి బటన్ ఒత్తిపట్టి కరెంటు ఇచ్చింది. బొమ్మలు లేచినయ్!

ఇదంత బాపు కోసమే. పక్షవాతం వచ్చినకాడి సంది కుడిచెయ్యి పనిచేస్తలేదు. పిసకమని దవాఖానల ఇచ్చిన రబ్బరు బంతిని ఇసిరికొట్టిండు.

సుజాత ట్యాంకుల ఆట పెట్టి ఆటల రిమోట్ బాపు రెండు చేతుల్ల పెట్టింది. బాపు ట్యాంకు తను కాపాడాల్సిన కోట కాడికెల్లి కదుల్తలేదు.

"మామా, ముందుకు పోయి కొట్టాలె."

"మందను ఇడిసిపెట్టి యాడికి పోవాలె బిడ్డా? తోడేళ్లు ఈడికే వస్తయి."

గొర్లు కాసిన మనిషి గదా! అన్నట్టే శత్రువుల ట్యాంకులు కోట మీదికి వచ్చినయ్, బాపు కొట్టిండు. కొట్టే బటన్ కుడిదిక్కు ఉంటది. బాపు కుడి బొటనవేలు కదిలింది! నేను ఒర్రబోతే సుజాత నా నోరు మూసింది. "చెప్పకు. తెలిస్తే ఆగిపోతది" అని చెవుల అన్నది.

పండుకునే ముందు బాపు అడిగిండు: "డబ్బా బంద్ చేస్తే మంద కాడ ఎవలుంటరు రా?"

పరాచికమో, నిజంగనే అన్నడో తెల్వదు. డబ్బా మాత్రం ఇంక బంద్ చెయ్యలే.