పదకొండో పేజీలో పిన్ని

మార్కాపురం,
14 నవంబరు 2024, గురువారం.

ఫెబీకి,

మీ ఇంట్లో ఉత్తరం మొదలుపెట్టే పద్ధతిలో ప్రభువు నామమున వందనాలు. మా ఇంటి పద్ధతిలో అయితే ఇక్కడ మేమంతా క్షేమం, అక్కడ నీ క్షేమం తెలుపగలవు అని రాయాలి. రాశాను గానీ, క్షేమం అనే మాట దగ్గర పెన్ను ఆగిపోయింది. ఏడాదిన్నరగా ఆ మాటనే ప్రశ్నగా పట్టుకుని ఊరూరా తిరిగినదాన్ని. ఇప్పుడు నిన్ను ఆ మాట అడగడానికి నాకు ముఖం లేదు.

ఫోనులో నా నంబరు రాకుండా ఆపేశావు. మంచి పని చేశావు, నేనైనా అంతే చేసేదాన్ని. అందుకే గిద్దలూరులో నువ్వు పనిచేసే ఆసుపత్రికి రాస్తున్నాను. కవరు మీద నా పేరు చూడగానే చించేస్తావేమోనని వెనకవైపు పేరు రాయలేదు. చూశావా, మోసంతోనే మొదలుపెట్టాను! అయినా చేతిరాత చూస్తే నీకు తెలిసిపోతుందిలే. డిగ్రీ మూడేళ్లూ నా రికార్డులు నువ్వు, నీ రికార్డులు నేను రాసినవాళ్లం.

ముందు ఇంటి సంగతులు రెండు చెప్పేస్తాను. నాయన దుకాణం అలాగే ఉంది. పలకలు కొనే పిల్లలు తగ్గారు, ఫోను కవర్లు కొనే పిల్లలు పెరిగారు. ఆయన మోకాళ్ల నొప్పి ఎక్కువైంది, నోరు మాత్రం తగ్గలేదు. అమ్మ రోజూ అడుగుతోంది, ఫెబీ క్రిస్మస్‌కు వస్తుందా అని. వస్తుందమ్మా అంటున్నాను. ఎవరింటికి వస్తావో మాత్రం చెప్పడం లేదు.

ఇక అసలు సంగతి. నీకు సగం తెలుసు, ఫోనులో సగమే చెప్పాను కదా. మొదటి నుంచీ రాస్తాను, ఓపికుంటే చదువు.

మా పరిశోధనకు పెట్టిన పేరు పనిచోటా ఊళ్లోనూ గుర్తింపు, క్షేమం, భద్రత. ఆ పేరు చదివి వినిపిస్తే మీ అమ్మ, మా రూతమ్మ పిన్ని, నవ్విన నవ్వు ఇంకా నా చెవుల్లో ఉంది. గుర్తింపు అంటే కార్డా అమ్మా, ఆధారుంది, రేషనుంది, ఇంకోటి కూడా ఇస్తారా అంది. కాదు పిన్నీ, నువ్వెవరని నలుగురూ అనుకుంటారో, నువ్వెవరని నువ్వనుకుంటావో అది అన్నాను. అబ్బో, అది అడిగేదానికి కూడా జీతమిస్తారా, భలే ఉద్యోగమే నీది అంది.

నిజానికి తెలిసిన మనిషిని అడగకూడదని మాకు నియమం ఉంది. ఆ నియమం నాకు కంఠతా వచ్చు. కానీ రాతిపలకలు కోసే షెడ్డులో పనిచేసే ఆడవాళ్లు ఒక్కరూ నోరు విప్పలేదు ఫెబీ. ఏం అడిగినా, అంతా బాగానే ఉందమ్మా, మాకేం తక్కువ అనేవాళ్లు. ఆ ఒక్క ముక్కే ఇరవైసార్లు రాసుకున్నాను. పరిశోధన అంతటికీ పెద్ద అయిన కరుణాకరం సారు నా కాగితాలు చూసి, ఇట్లయితే పుస్తకంలో ఏం రాస్తామమ్మా, తెల్ల కాగితాలు కుట్టి పంచుదామా అని విసుక్కున్నారు. నాకు రోషం వచ్చింది. ఆ రోషంలోనే మీ ఇంటికి వెళ్లాను.

ఆదివారం, ఆరాధన అయ్యాక. పిన్ని ఉల్లిగడ్డలు తరుగుతోంది. నేను అంగీకార పత్రం ఇచ్చాను. మీ పేరు ఎక్కడా రాదు అనే లైను దగ్గర ఆమె వేలు పెట్టి రెండుసార్లు చదువుకుంది. బైబిలు చదివినట్టే, పెదాలు కదుపుతూ. సంతకం పెట్టి, ఈ కాగితం చూసి కాదు తనూజా, అడిగేది నువ్వు కాబట్టి చెప్తున్నా అంది.

అప్పుడు చెప్పినవన్నీ నీకు తెలిసినవే, కాని తన నోటితో నీకెప్పుడూ చెప్పి ఉండదు. దుమ్ము పీల్చే మిషను ఎవరైనా అధికారి వస్తేనే వేస్తారంట. ముక్కుకు కట్టుకునే మాస్కులు ఫొటో తీసేదాకా ఇచ్చి, తీశాక వెనక్కు తీసుకుని డబ్బాలో పెట్టేస్తారంట. దగ్గు వస్తే పలకల దొంతరల వెనక్కు పోయి దగ్గుతుందంట. ముందర దగ్గితే టీబీ అంటారు, రేపటి నుంచి రావద్దంటారు అని. ఇంకోటి చెప్పింది. ఇరవై రెండేళ్ల నుంచి పోతున్నా, ఆడ నన్ను ఒక్కరూ పేరు పెట్టి పిలవరు, ఏయ్ మూడో మిషనూ అంటారు, లేదంటే కులం గుర్తుచేస్తూ ఏయ్ పల్లె అంటారు, గుడిలో పాస్టరమ్మ రూతమ్మా అని పిలిస్తే ఒక్కోసారి పక్కకు చూస్తాను ఎవరినబ్బా అని. అది చెప్పి తనే నవ్వింది. నేను గబగబా రాసుకుంటున్నాను. సిగ్గు విడిచి చెబుతున్నాను, అప్పుడు నాకు బాధ కలగలేదు. దొరికింది, ఇది దొరికింది అనుకున్నాను.

సెప్టెంబరులో పుస్తకం వచ్చింది. చిన్నది, నలభై పేజీలు. కార్మికులకూ చదివి వినిపించాలి, యజమానులకూ ఇవ్వాలి అని తెలుగులోనే వేశారు. పిన్ని పేరు తీసేశాను. వయసు మార్చాను. ఊరు కంభం వైపు అని రాశాను. మూడో మిషనును ఐదో మిషను చేశాను. ఎంత జాగ్రత్తపరురాలినో చూడు! కానీ ప్రశ్నలు నేనడిగినవి కదా, వాటి జోలికి పోలేదు. మిగతా వాళ్లందరినీ అక్కా, అక్కా అని అడిగాను. పదకొండో పేజీలో మాత్రం, పిన్నీ, దగ్గు వస్తే ఏం చేస్తావు అని అచ్చయింది.

పేరు తీసేశాను, వరస తీయడం మరిచాను. మనం ఊళ్లో ఎవరిని పిలిచినా వరసపెట్టే పిలుస్తాం. అది మాటలో భాగమనుకుంటాం గానీ సాక్ష్యమనుకోం. హైదరాబాదులో కూర్చుని పుస్తకం దిద్దినవాళ్లకూ అది తట్టలేదు.

పుస్తకం పంచిన మర్నాడే పిన్నిని పనికి రావద్దన్నారు. మా వీధిలో ఉండే శ్యామలమ్మ అత్త ఆ షెడ్డులోనే ప్యాకింగు చేస్తుంది కదా, ఆమె వచ్చి చెప్పింది. గేటు దగ్గర వాచ్‌మన్ ఆపేశాడంట, పని తగ్గింది, చెప్పి పంపుతాం అన్నాడంట. పిన్ని అన్నం క్యారియరు పట్టుకుని అట్లనే కాసేపు నిలబడి, ఇంటికి పోయిందంట. లోపల మూడో మిషను తిరుగుతున్న చప్పుడు బయటికి వినిపిస్తూనే ఉందంట.

ఆ సాయంత్రం నువ్వు ఫోను చేశావు. ఒక్కటే అడిగావు, మా అమ్మ పేరు ఎట్ల బయటపడింది అని. పిన్నీ అనే మాట ఉండిపోయింది ఫెబీ, దాన్నిబట్టి వయసు తెలిసింది, వయసునుబట్టి మనిషి తెలిసింది అన్నాను. నువ్వు ఫోను పెట్టేశావు. తిట్టి ఉంటే బాగుండేది. మా ఆఫీసులోనూ అదే చెప్పాను. వాళ్లు దిద్దుబాటులో లోపం అని ఒక కాగితం రాసుకుని, ఇకమీదట బంధుత్వ పదాలు తొలగించాలి అని కొత్త నియమం చేర్చారు. నాకు ఒక్క మాట కూడా పడలేదు. పైగా, నిజాయితీగా ఒప్పుకున్నావమ్మా అని కరుణాకరం సారు భుజం తట్టారు.

అప్పటి నుంచి మీ పల్లె వైపు వెళ్లలేదు. తేలు కుట్టిన దొంగలా తిరుగుతున్నాను. కానీ మొన్న మంగళవారం కూరగాయల మార్కెట్లో పిన్నే నన్ను చూసింది. నేను తల తిప్పుకునేలోపే వచ్చి చెయ్యి పట్టుకుంది. ఏందమ్మా ఇట్ల చిక్కిపోయినావు, అన్నం తినడం లేదా అంది. నన్ను అడుగుతోంది! నాకు ఏడుపొచ్చింది. వంకాయలమ్మే ఆమె చూస్తోంది, అయినా ఆగలేదు. పిన్ని నా తల మీద చెయ్యి పెట్టి, ఫెబీ కోపం నేను తీరుస్తాలే, ప్రేమతో పిలిచిన పిలుపే కదా, అది తప్పెట్ల అయితది, నువ్వు పిన్నీ అన్నందుకు నేను నీ మీద అలుగుతానా అంది. మధ్యలో రెండుసార్లు దగ్గింది. ఇప్పుడు ఎవరి వెనక్కూ పోకుండా అందరి ముందరే దగ్గింది.

సోమవారం పదిన్నరకు లేబర్ ఆఫీసులో విచారణ ఉందని ఆమే చెప్పింది. మిగతా షెడ్ల వాళ్లు కూడా రూతమ్మా, ఆ పుస్తకం రూతమ్మా అని గేటు తీయడం లేదంట. ఇన్నాళ్లకు అందరూ పేరు పెట్టి పిలుస్తున్నారులే అని నవ్వింది. షెడ్డు యజమాని రామ్‌ప్రసాద్ మాత్రం, ఆ పుస్తకం నేను చదవనే లేదు, అందులో ఎవరు మాట్లాడినారో నాకు తెలియదు, పని లేక ఆపినాను అని రాసిచ్చినాడంట. తెలుసని రుజువు చేసేదానికి మన దగ్గర ఏముందిలే అమ్మా, దేవుడే చూసుకుంటాడు, నిన్ను రమ్మని మాత్రం అడగను, మీ నాయనకూ ఆయనకూ స్నేహం అంది.

అదీ సంగతి. పిన్ని క్షమించింది. నువ్వు క్షమించనక్కరలేదు. ఒక్కసారి ఎక్స్‌రే తీయించు, నువ్వు నర్సువి, నీ మాటే వింటుంది. క్రిస్మస్‌కు మా ఇంటికి రాకపోయినా అమ్మకు ఒక ఫోను చెయ్యి, ఆమె ఏ పాపమూ ఎరగదు.

మన్నించమని అడగలేక,
నీ
తనూజ

తా.క. ఉత్తరం మడిచి, కవరు అంటించి, పోస్టాఫీసు దాకా వెళ్లి వెనక్కు వచ్చాను. కవరు చించి, దీని కిందే మళ్లీ రాస్తున్నాను. పైన రాసినదంతా నిజమే. కానీ పిన్ని పేరు పదకొండో పేజీ వల్ల బయటపడలేదు.

పుస్తకం పంచిన రోజు సాయంత్రం రామ్‌ప్రసాద్ బాబాయ్ నాయన దుకాణానికి వచ్చాడు. ఆయన ఆవలిస్తే పేగులు లెక్కపెట్టే మనిషి, నీకు తెలుసు. చేతిలో మా పుస్తకం ఉంది, పదకొండో పేజీ దగ్గర వేలు పెట్టుకుని ఉన్నాడు. కుర్చీ వేసుకుని కూర్చుని, నాయన తెప్పించిన టీ తాగుతూ, నవ్వుతూ అడిగాడు. ఏమ్మా తనూజా, బాగా రాసినావు, ఈ పిన్ని ఎవరు, మీ వీధి శ్యామలమ్మేనా అని. యాభై దాటిన ఆడవాళ్లు ఆయన షెడ్డులో ఇద్దరే ఉన్నారు ఫెబీ. శ్యామలమ్మ అత్త, మీ అమ్మ.

ఆ వివరం చెప్పే అధికారం నాకు లేదు. ఆయనతో నేను అనవలసింది ఈ ఒక్క వాక్యమే. మాకు శిక్షణలో నేర్పిన వాక్యం, కొత్తగా చేరిన నలుగురికి నేనే నేర్పిన వాక్యం. అది వదిలేసి, శ్యామలమ్మను నేను అత్త అంటాను కదా బాబాయ్ అన్నాను.

ఆయన అట్లనా అన్నాడు. టీ గ్లాసు కింద పెట్టి వెళ్లిపోయాడు. మర్నాడు పొద్దున గేటు దగ్గర మీ అమ్మను ఆపారు.

నోరు జారిందని నాకు నేను చెప్పుకున్నాను, రెండు నెలలు. జారలేదు. ఆయన శ్యామలమ్మ అనగానే అత్త ముఖం కళ్ల ముందుకొచ్చింది. మా వీధి మనిషి, మా కులం మనిషి, అమ్మ కాన్పు అప్పుడు మా ఇంట్లో వండిపెట్టిన మనిషి. ఆమె పని పోతుందే అని భయపడ్డాను. ఆమెను తప్పిస్తే ఎవరు మిగులుతారో నాకు తెలుసు. తెలిసే అన్నాను. ఎవరైతే నన్ను నమ్మి సంతకం పెట్టిందో ఆమెనే తోశాను, ఎందుకంటే ఆమె మావాళ్లు కాదు. పిన్నీ, పిన్నీ అని మీ ఇంట్లో అన్నం తిన్నదాన్ని, అంత తెలుసుకోవడానికి నాకు అర నిమిషం కూడా పట్టలేదు.

రామ్‌ప్రసాద్‌కు పేరు తెలుసు. పుస్తకం చదివాడు, అడిగాడు, నా నోటితో విన్నాడు. నాయన పక్కనే ఉన్నాడు. ఆయన సాక్ష్యం చెబుతాడో లేదో నాకు తెలియదు, నేను చెబుతాను. ఈ తా.క. కింద మళ్లీ సంతకం పెడుతున్నాను. ఈ కాగితం తీసుకెళ్లి ఆఫీసరుకు ఇవ్వు. సోమవారం పదిన్నరకు నేనూ అక్కడ ఉంటాను. ఉద్యోగం ఉండదు, నాయన ఇంట్లోకి రానిస్తాడో లేదో తెలియదు, అది నేను చూసుకుంటాను.

పిన్నికి మాత్రం ఈ సంగతి సోమవారం లోపల నువ్వే చెప్పు. నేను చెబితే మళ్లీ క్షమిస్తుంది.

తనూజ