అంగట్లో అనకూడని మాట

కోయిలకుంట్ల,
శుక్రవారం.

తమ్ముడూ రాఘవేంద్రా,

క్షేమసమాచారాలు తర్వాత. మా ప్రింటింగు అంగడికి నువ్వు కొనిపించిన కంప్యూటరులో కంపెనీవాళ్లే పెట్టి పంపిన అప్‌డేట్ ప్రోగ్రాం లోలోపల బిగుసుకుపోయి, పెండ్లిపత్రికల ప్రింటు ఆపేసింది. పెండ్లికూతురి నాయన పొద్దున్నుంచి ఎదురుగానే కూర్చున్నాడు. నువ్వేమో ఫోనెత్తవు. అందుకే ఈ ఉత్తరం కర్నూలు బస్సులో పంపిస్తున్నాను.

ఆ ప్రోగ్రాంను ఆపడానికి తెర మీద ‘ఎండ్ నౌ’ అనే బటన్ వచ్చింది. అంటే ఏమని మా అత్త అడిగితే ‘ముగించు’ అని చెప్పడమే నా తప్పు. “శుక్రవారం పూట, అంగట్లో, పెండ్లిపత్రిక మీద ఆ మాటేంది? నొక్కితే చూడు!” అంది. దీపం ఆరిపోయినా ఆరిందనదు ఆమె, కొండెక్కిందంటుంది.

ఇది రాస్తుంటే పెండ్లికూతురి నాయన లేచి నిలబడ్డాడు. “ఇంకోతావ కొట్టించుకుంటా తల్లీ” అన్నాడు. అత్త అతన్ని చూసింది, తెరను చూసింది.

“కొండెక్కించు” అంది.

నొక్కాను. ప్రింటరు కదిలింది. ఆ ప్రోగ్రాం కాసేపటికి మళ్లీ మొదలవుతుందని తెర మీద ఇంగ్లీషులో వచ్చింది. “ఇప్పుడేమంటాండాది?” అంది అత్త.

“పోయొస్తానంటాండాది” అన్నాను.

ఆమె నెమ్మదించింది. నాకే స్థిమితం లేదు. అది అన్నంత పనీ చేస్తుంది. దానికంటే ముందు నువ్వు రా.

అక్క